నిద్రకోర్టు

మా నాన్న కుళ్ళాయప్ప తన జీవితంలో పదిహేడు పంచనామాల మీద సంతకం పెట్టాడు. ఒక్కదాన్నీ చదవలేదు. చదువు రాక కాదు, రోజూ పేపరు పట్టుకుని అరుగు మీద నలుగురికీ చదివి వినిపించే మనిషే. సంతకం అడిగినవాడి ఎదుట కాగితం చదవడం ఆయన దృష్టిలో మర్యాద కాదు.

మా ఉలవలగొందిలో సాక్షి సంతకానికి అర్థం వేరు. పెళ్ళి మాటల కాగితం మీదా, అన్నదమ్ముల భాగాల మీదా, బోరు నీళ్ళ వంతుల ఒప్పందం మీదా ఒక పెద్దమనిషి పేరుందంటే ఆయన అంతా చూశాడని కాదు. ఆయన్ను పిలిచారని, ఆయన వచ్చి కూర్చున్నాడని. పిలవకపోతే అవమానం, పిలిచాక పెట్టకపోతే పొగరు. ఈ లెక్కే స్టేషనుకూ పనికొస్తుందని నాన్న అనుకున్నాడు. కానిస్టేబుల్ వచ్చి "పెద్దాయనా, మధ్యవర్తిగా ఒక సంతకం కావాలంట, ఎస్సై పిలుస్తాండాడు" అంటే చలువ పంచె కట్టుకుని, తువాలు దులిపి భుజాన వేసుకుని పోయేవాడు. టీ, బన్నూ ఇచ్చి సాగనంపేవాళ్ళు. ఇంటికొచ్చాక మా అమ్మ అడిగేది.

"ఈ పొద్దు ఎవురిని జైలుకు పంపొస్తివి?"

"నేనెవురినే పంపేకి? పోతి, కూసుంటి, వస్తి. అంతే."

ఆ పదిహేడులో పద్నాలుగోది ఓబులేసుది.

ఓబులేసుకు మా చేను పక్కనే రెండెకరాల చెనిక్కాయ, అంటే వేరుశెనగ, చేను. ఆ పక్క చేను తిమ్మప్పది. ఇద్దరికీ ఒకే బోరు. నీళ్ళ వంతు దగ్గర ఇద్దరూ మాటామాటా అనుకున్న మూడోనాడు తిమ్మప్ప మోటారు కొట్టం దగ్గర తల పగిలి పడివున్నాడు. ఓబులేసును పట్టుకుపోయారు. వాడే చంపానన్నాడనీ, చెనిక్కాయ కట్టె కుప్పగా వేసిన వామిలో దాచిన గడ్డపారను తన చేతులతో తీసి చూపించాడనీ పోలీసులు రాశారు. పోలీసుల దగ్గర ఒప్పుకున్న నేరం మన కోర్టులో చెల్లదు. కానీ ఒప్పుకుని చూపించిన వస్తువు చెల్లుతుంది. చూపించాడని చెప్పడానికి ఇద్దరు మధ్యవర్తులు కావాలి. ఒకాయన విచారణ మొదలుకాక ముందే పోయాడు. రెండో ఆయన మా నాన్న.

ఓబులేసుకు యావజ్జీవం పడింది. అప్పీలు హైకోర్టులో ఎక్కడో కట్టల కింద ఉంది. పోలీసులు పట్టుకుపోయిన నాడు వాడి కూతురు వెన్నెలకు మూడేళ్ళు.

* * *

ఇది జరిగిన తొమ్మిదేళ్ళకు నేను కర్నూలులో మెహరున్నీసా మేడం ప్రయోగశాలలో ఉన్నాను. మేడం న్యాయశాస్త్రం చదివి, ఆ తర్వాత మెదడు శాస్త్రం చదివిన మనిషి. ఆమె తయారుచేసిన యంత్రానికి కాగితాల మీద పెద్ద పేరే ఉంది. మా ఊరివాళ్ళు మాత్రం నిద్రకోర్టు అన్నారు. దానికి అంతకంటే సరైన పేరు నాకూ తోచలేదు.

నేరం జరిగింది ఒకటే. దాంట్లో ఉన్న మనుషులూ వాళ్ళే. కానీ దేశాన్నిబట్టి విచారించే పద్ధతి మారితే తీర్పు మారుతుందా? మేడం ప్రశ్న అది. ముద్దాయినీ, సాక్షినీ ఉప్పునీళ్ళలో తడిపిన టోపీలు పెట్టి కుర్చీల్లో నిద్రపుచ్చుతాం. పోలీసులు, లాయర్లు, జడ్జీలు యంత్రం లోపలివాళ్ళు. ఈ ఇద్దరు మాత్రం తమలాగే ఉంటారు, తమ మాటే మాట్లాడతారు. లోపల ఆరు రోజులు గడిస్తే బయట గంట. లోపల జరిగేదంతా మేం బయట తెర మీద చూస్తుంటాం. ఒక నిద్రలో ఉన్నప్పుడు అంతకుముందు నిద్రలు గుర్తుకు రావు. లేచాక మాత్రం అన్నీ గుర్తుంటాయి, నిజంగా జరిగినట్టే.

యంత్రానికి చేతకానిది ఒకటే, రుచి. చూపు, చప్పుడు, తాకిడి అన్నీ ఇస్తుంది. నోట్లో ముద్ద పెట్టుకుంటే మాత్రం ఏమీ ఉండదు. ఆ ఏమీలేనితనానికి ఒళ్ళు బెదిరిపోతుంది, నాడి పరుగెడుతుంది, యంత్రం గంట మోగిస్తుంది, నిద్ర ఆపేయాల్సి వస్తుంది. అందుకని లోపల ఎవరికీ అన్నం పెట్టం. తీర్పు చదవగానే ఆపేయాలి. అది మేడం పెట్టిన కట్టడి.

ప్రభుత్వం ఈ ప్రయోగానికి ఒక సంఘాన్ని వేసింది. ఐదు దేశాల పద్ధతుల్లో మూడింట ముద్దాయి విడుదలైతే, అసలు కేసును మళ్ళీ తెరవమని సంఘం సిఫారసు చేస్తుంది.

ఆ సంగతి పేపర్లో చూసి ఓబులేసు భార్య సాకమ్మ కర్నూలుకు బస్సెక్కి వచ్చింది.

"మా ఆయన కేసు మీ నిద్రకోర్టులో ఎయ్యక్కా. మూడు దేశాల్లో ఇడిస్తే సాలంట గదా. ఐదింటిలో మూడు రాదా?"

"సాక్షి మా నాన్నే గదా సాకమ్మా."

"ఉండనీలే. మామ అబద్ధం చెప్పే మనిషి కాదు. యాడో ఏదో పొరపాటు పడుంటాది. ఆ దేశాలోళ్ళు కనుక్కుంటారులే."

నేనూ అలాగే అనుకున్నాను. మా నాన్న అబద్ధం చెప్పడని. ఓబులేసు కూడా చంపి ఉండడని. రెండూ ఒకేసారి ఎలా నిజమవుతాయని నన్ను నేను ప్రశ్నించుకోలేదు. సొంత ఇంటి గురించి ప్రశ్నించుకోవడానికి ఎంత చదువుకున్నా చాలదు.

మేడంకు విషయమంతా చెప్పాను. ఆమె, "నీ తండ్రి కాబట్టే నువ్వు లెక్కలో చెయ్యి పెట్టకు. మీటలు నొక్కు, చాలు," అంది.

* * *

నాన్న ఉత్సాహంగా వచ్చాడు. "కోర్టంటే నాకేమన్నా కొత్తా?" అంటూ కుర్చీలో కూర్చుని, టోపీ పెట్టబోతే తువాలు తీసి నా చేతికిచ్చాడు. ఎదుటి కుర్చీలో ఓబులేసు. ఎస్కార్టు కానిస్టేబుళ్ళు బేడీలు విప్పి గోడ పక్కన నిలబడ్డారు. వాడి జుట్టు సగం నెరిసిపోయింది.

"బాగుండావా మామా?" అన్నాడు ఓబులేసు.

"ఏదో ఉండాంలే అల్లుడా. నువ్వు సన్నబడినావు."

పక్కపక్క చేలవాళ్ళు. వరస కలుపుకుని పిలుచుకోవడం పోలేదు. ఆ మాటలు వింటే ఒకడి మాట మీద ఇంకొకడు జైల్లో ఉన్నాడని ఎవరూ అనుకోరు.

మొదట మన దేశం. జరిగిందే జరిగింది. ముద్దాయి తరఫు లాయరు "నువ్వు వామి దగ్గరికి పోనేలేదని నేనంటున్నాను" అన్నాడు. నాన్న చటుక్కున "నేను పోలేదనడం వాస్తవం కాదు" అన్నాడు. ఏళ్ళ తరబడి కోర్టుల్లో విన్న వాక్యం అది. గుళ్ళో మంత్రానికి తలాడించినట్టు నోటికొచ్చేస్తుంది. దాన్ని జడ్జి ఇంగ్లీషులో చెప్తే టైపిస్టు కొట్టాడు. యావజ్జీవం.

రెండోది ఇంగ్లండు. అక్కడ జడ్జి దాదాపు నోరు విప్పడు. రెండు పక్షాల లాయర్లు కొట్లాడుకుంటే, ఏ సంబంధమూ లేని పన్నెండుమంది పౌరులు విని తేలుస్తారు. తెల్లజుట్టు టోపీ పెట్టుకున్న లాయరు నాన్నను అడిగాడు.

"పోలీసులు టీ ఇస్తే మీరు దేని మీదనైనా సంతకం పెడతారా?"

"మా ఇంట్లో టీ లేక పోతినా నేను?"

ఆ పన్నెండుమందీ నవ్వారు. లాయరు వదల్లేదు. కించపరిచేకొద్దీ నాన్న నిటారుగా నిలబడ్డాడు. "చూసినా" అన్నాడు. ఇంకోసారి గట్టిగా "నా కండ్లతో చూసినా" అన్నాడు. పరువు మీదికొస్తే మా వైపు మనిషి చూడనిది కూడా చూస్తాడు. పన్నెండుమందీ ఆయన్ను నమ్మారు.

మూడోది జపాను. అక్కడ నాన్న అవసరమే పెద్దగా రాలేదు. కేసు పెట్టకముందు ఇరవైమూడు రోజుల దాకా మనిషిని ఉంచుకుని అడగొచ్చు. ఆ గదిలో పక్కన లాయరు ఉండడు. మాట్లాడకుండా ఉండే హక్కుంది. కానీ మాట్లాడకపోయినా ప్రశ్నలు ఆగవు. కొట్టలేదు, తిట్టలేదు. తిమ్మప్ప పిల్లల పేర్లు అడిగారు. నీకూ కూతురుంది కదా అన్నారు. బయట మూడు గంటలు కూడా కాకముందే లోపల పదిహేడో రోజు వచ్చింది. ఓబులేసు తల బల్లకు ఆనించి, "సరేనయ్యా. నేనే అని రాసుకోండి. రేపు పొద్దున ఇదే మాట అడగొద్దండి," అన్నాడు.

లేచాక నీళ్ళడిగి తాగాడు.

"అక్కా, నేను చంపలేదు. అయినా ఆడ నేనే అంటి. ఎందుకంటినో నాకే తెల్దు."

"అది నిద్ర ఓబులేసూ."

"పదిహేడు దినాలక్కా," అన్నాడు వేళ్ళు మడిచి చూసుకుంటూ. గోడ దగ్గరున్న కానిస్టేబుల్ ముఖం అటు తిప్పుకున్నాడు.

మూడు నిద్రలు, మూడు శిక్షలు. సాకమ్మకు ఫోనులో చెప్పాను. "ఇంగా రెండుండాయి గదా," అంది. మిగిలిన రెండింటిలో వదిలినా మూడు కావని ఆమెకు నేను చెప్పలేదు. ఆ లెక్క ఆమెకూ తెలుసు.

* * *

నాలుగోది ఫ్రాన్సు. హత్య కేసైతే అక్కడ విచారణకు ముందే ఒక జడ్జి చేతికి దర్యాప్తు వెళ్తుంది. ఆమె సాక్షినీ ముద్దాయినీ ఎదురెదురుగా కూర్చోబెట్టింది. తర్వాత అందరినీ చేనికి తీసుకుపోయింది. ఆ రోజు ఎవరు ఎక్కడ నిలబడ్డారో అక్కడ నిలబడి, జరిగింది జరిగినట్టు చేసి చూపించమంది.

నాన్న చేనిగట్టు మీద నిలబడ్డాడు. వామి ఎదురుగా ఉంది.

"గడ్డపారను ఏ వైపు నుంచి తీశాడు?"

నాన్న తూర్పు వైపు చూపించాడు. పోలీసు కాగితంలో పడమర అనుంది.

"ఎంత లోపలికి చెయ్యి పెట్టాడు?"

నాన్న తువాలు సర్దుకున్నాడు. చేయి మోచేతిదాకా చూపించి, మళ్ళీ భుజందాకా చూపించాడు. ఆ తర్వాత చేయి దించేశాడు. తెర మీద ఆయన ముఖం చూస్తున్నాను. ఆ రోజు ఆయన ఆ చోటుకు రానేలేదు. నాకది అప్పుడు తెలిసింది. ఆయనకూ అప్పుడే తెలిసినట్టుంది.

జడ్జి కాగితం మూసింది. విచారణకు పంపడానికి ఆధారం లేదు, ముద్దాయిని వదలమంది.

అక్కడ నేను మీట నొక్కి ఆపాలి. ఫోనొస్తే మేడం బయటికి వెళ్ళింది. లోపల ఓబులేసు జైలు గేటు దాటాడు. తొమ్మిదేళ్ళుగా ఇంటి ముఖం చూడనివాడు, ఒక్కసారి చూసుకోనీ అనుకున్నాను. చెయ్యి మీట మీదే ఉంచి ఊరుకున్నాను.

యంత్రం వాడి జ్ఞాపకంలోంచే ఇల్లు కట్టింది. బండల మిద్దె, వాకిట్లో కానుగ చెట్టు, పచ్చ గౌను వేసుకున్న మూడేళ్ళ పాప. వాడు పాపను ఎత్తుకుని తిప్పాడు. సాకమ్మ కంచంలో సంగటి ముద్ద పెట్టి, పక్కన ఊరిబిండి పచ్చడి వేసింది. అక్కడైనా ఆపాల్సింది. వాడు ముద్ద తుంచి, ఊరిబిండిలో అద్ది నోట్లో పెట్టుకున్నాడు.

గంట మోగింది. నాడి నూట డెబ్భై. ఆపేశాను.

ఓబులేసు కళ్ళు తెరిచాడు. పైన తెల్ల లైటు, పక్కన బేడీలు. కుడిచేతి ఐదు వేళ్ళూ ముద్ద పట్టుకున్నట్టే ఉన్నాయి. వాటికేసి చూసుకున్నాడు.

"చెయ్యి కడుక్కోవాల్నా అక్కా?" అని అడిగాడు.

మేడం తర్వాత రికార్డు చూసి నన్ను పిలిచింది. గొంతు పెంచలేదు. "రత్నా, మనిషిని విడుదల చెయ్యడం మన చేతిలో లేదు. చేతిలో లేనిదాన్ని ఇచ్చినట్టు చూపించకూడదు."

"ఇంకోసారి చెయ్యను మేడం," అన్నాను.

మళ్ళీ చేశాను.

* * *

ఆ వారమంతా నాన్న నా క్వార్టర్సులోనే ఉన్నాడు. పేపరు తెస్తే చదవలేదు. ఒకరోజు పొద్దున బొరుగులతో ఉగ్గాని చేసి పెట్టాను. సగం తిని వదిలేశాడు.

"నాన్నా, ఆ రోజు నువ్వు చేనికి పోలేదు కదా."

"నన్నెవురూ పొమ్మనలేదు గదమ్మా."

"మరి కోర్టులో చూశానని ఎందుకు చెప్పావు?"

"సంతకం నాదేనా అని అడిగినారు. నాదే అంటి. సంతకం పెట్టినావంటే చూసినట్టే గదా అన్నారు. పెట్టినాక కాదంటే ఎట్లా?" కంచం పక్కకు జరిపి, "పెద్దమనిషిని పిల్చి కూసోబెట్టిన కాగితం అబద్ధమంటే, పిల్చినోళ్ళకు ఎంత తలవంపులు?" అన్నాడు. ఎస్సై తలవంపుల గురించి తొమ్మిదేళ్ళుగా బాధపడిన మనిషి. నాకు నవ్వాలో ఏడవాలో తెలియలేదు.

ఐదోది జర్మనీ. టోపీ పెడుతుంటే ఓబులేసు నా చెయ్యి పట్టుకున్నాడు.

"అక్కా, ఈ తూరి ఇడిసిపెడితే బిరీన లేపొద్దు."

జర్మనీ కోర్టులో సాక్షిని మొదట ప్రశ్నలు అడగరు. తెలిసిందంతా మొదటి నుంచి తన మాటల్లో వరసగా చెప్పమంటారు. చెప్పడం అయ్యాకే ప్రశ్నలు. జడ్జి ఆ మాటే చెప్పి చేతులు ముడుచుకుని కూర్చున్నాడు.

నాన్న అటూ ఇటూ చూశాడు. అందించే లాయరు లేడు. 'వాస్తవం కాదు' అనడానికి ముందు ఎవరైనా ఒక వాస్తవం చెప్పాలి కదా, ఆ చెప్పేవాడు లేడు. కోర్టు హాలంతా ఎదురుచూస్తూ ఉంది. గొంతు సవరించుకుని మొదలుపెట్టాడు.

"ఆ పొద్దు మా ఇంట్లో ఉగ్గాని చేసినారయ్యా. తింటాంటే కానిస్టేబులొచ్చె. చెయ్యి కడుక్కోని, పంచె మార్చుకోని పోతి. స్టేషన్లో బెంచీ మీద కూసోబెట్టినారు. టీ ఇచ్చినారు. బన్ను ఆ పొద్దు మెత్తగా లేదు, నేను తిన్లేదు. ఎస్సై టేబులు మీద కాగితాలుండె. గడ్డపార ఉండె, దానికి చీటీ కట్టి లక్క ఏసింటిరి. టీ గ్లాసు పెట్టేకి చోటు లేక నేను దాన్ని పక్కకు జరిపితి..."

ఆగిపోయాడు. చెయ్యి ఇంకా గాల్లో గడ్డపారను జరుపుతున్నట్టే ఉంది.

ఎవరూ మాట్లాడలేదు. ఎవరూ మాట్లాడకపోవడమే ఆ పద్ధతి.

"అప్పటికే అది టేబులు మీద ఉండాదయ్యా," అన్నాడు నాన్న. "నా చేత్తో నేనే జరిపితి." తువాలు నోటికి అడ్డం పెట్టుకుని ముద్దాయి వైపు తిరిగాడు. "అల్లుడా, నేను చూడలేదురా."

ఓబులేసు విడుదలయ్యాడు. మేడం నా వెనకే నిలబడి ఉంది. నేను మీట నొక్కలేదు. ఆమె కూడా నొక్కమనలేదు. కళ్ళద్దాలు తీసి తుడుచుకుంటూ ఉండిపోయింది. లోపల మళ్ళీ అదే మిద్దె, అదే కానుగ చెట్టు, అదే పచ్చ గౌను. మళ్ళీ సాకమ్మ కంచం పెట్టింది. వాడు ముద్ద తుంచి చాలాసేపు చేతిలో పట్టుకుని పాపతో మాట్లాడాడు. తర్వాత నోట్లో పెట్టుకున్నాడు. గంట మోగింది.

ఈసారి లేచాక వాడు ఏమీ అడగలేదు. బేడీలకోసం చేతులు తనే ముందుకు చాచాడు.

* * *

ఐదింటిలో రెండు. సంఘం సిఫారసు చేయలేదు. మేడం రాసిన వ్యాసం మాత్రం పై దేశాల్లో పేరు తెచ్చుకుంది. ఒకే సాక్షి ఐదు పద్ధతుల్లో ఐదు రకాలుగా ఎలా మాట్లాడాడో అందులో పట్టికగా ఉంది. మా నాన్న పేరు లేదు, 'సాక్షి' అని మాత్రం ఉంది.

నాన్న ఊరికి పోయి తన పనిలో పడ్డాడు. రెండు నెలల తర్వాత నేను వెళ్ళినప్పుడు మామూలుగా అడిగాడు.

"ఓబులేసు ఇంకా రాలేదేంది?"

"ఎలా వస్తాడు నాన్నా?"

"నేను చెప్పినా గదా, ఆ కోర్టులో. గడ్డపార టేబులు మీద ఉండాదని."

"అది నిద్ర. అక్కడ చెప్పింది ఇక్కడ చెల్లదు."

ఆయన నన్ను తేరిపార చూశాడు. "అంతమంది ఎదుట చెప్పింటి. సిగ్గిడిసి చెప్పింటి. అది లెక్కలోకి రాదా?"

"రాదు. ఇక్కడ మళ్ళీ చెప్పాలి. చెప్తే, అప్పుడు అబద్ధపు సాక్ష్యం చెప్పావని నీ మీద కేసు పెడతారు."

నాన్న లేచి వాకిట్లోకి పోయి నిలబడ్డాడు. తువాలు తీసి దులిపాడు, భుజాన వేసుకున్నాడు, మళ్ళీ తీశాడు. చివరికి, "కాగితం తయారు చెయ్యిమను. సంతకం పెడతా," అన్నాడు.

లాయరు అఫిడవిట్టు తెచ్చిన రోజు నాన్న కళ్ళద్దాలు పెట్టుకుని అరుగు మీద కూర్చుని ప్రతి అక్షరం చదివాడు. రెండుచోట్ల దిద్దించాడు. కాగితంలో 'టీ తాగాను' అనుంటే, 'బన్ను తినలేదు' అని కూడా రాయమన్నాడు.

హైకోర్టు అప్పీలు కట్ట పైకి తీసింది. నాన్నను మళ్ళీ బోనెక్కించి సాక్ష్యం తీసుకోమంది. ప్రభుత్వ లాయరు గట్టిగానే అడిగాడు.

"అప్పుడు ప్రమాణం చేసి చెప్పింది అబద్ధమా, ఇప్పుడు చెప్పేది అబద్ధమా?"

"రెండు తూర్లూ నా సంతకమే సార్. ఈ తూరి చదివి పెట్టినా."

ఓబులేసును వదలడానికి కోర్టుకు ఇంకో ఏడు నెలలు పట్టింది. అదే తీర్పులో చివరి పేజీలో నాన్న మీద కేసు నడపమని రాసింది. ఊళ్ళో మాత్రం అంతకుముందే శిక్ష పడింది. ఆ ఏడు జరిగిన పెళ్ళి మాటల్లో ఒక్కదానికీ నాన్నను పిలవలేదు.

తిమ్మప్పను ఎవరు చంపారో ఇప్పటికీ తెలియదు. ఏ దేశమూ ఆ సంగతి తేల్చలేదు.

* * *

ఓబులేసు ఇంటికొచ్చిన మూడో రోజు సాకమ్మ ఫోన్ చేసింది.

"అక్కా, ఒకసారి రా. ఈయన అన్నం తినడంల్యా."

"ఒంట్లో బాగలేదా?"

"ఒళ్ళు బాగానే ఉండాది. ఇడిసిన పొద్దు జైల్లో బువ్వ తినే వచ్చినాడంట. ఇంట్లో కంచం పెడితే సాలు, చెయ్యి రాదు. నీళ్ళు తాగుతాడు. ఊరికే మమ్మల్ని సూస్తా కూసుంటాడు."

విషయం అర్థమైంది. నాన్నను వెంటబెట్టుకుని వెళ్ళాను.

అదే బండల మిద్దె. కానుగ చెట్టు లేదు, రోడ్డు వెడల్పు చేసినప్పుడు కొట్టేశారు. ఓబులేసు లోపల గోడకానుకుని కూర్చుని ఉన్నాడు. ముందు కంచం, కంచంలో సంగటి, ఊరిబిండి. సంగటి పైన ఆరిపోయి పెచ్చు కట్టింది. గుమ్మంలో పదమూడేళ్ళ వెన్నెల బడి బట్టల్లో నిలబడి ఉంది.

నన్ను చూడగానే వాడి ముఖం పాలిపోయింది.

"లేపేకి వస్తివా అక్కా?"

"లేదు ఓబులేసూ. నువ్వు మేలుకునే ఉన్నావు. నిజంగానే వదిలారు."

వాడు మర్యాదగా తలూపాడు. చుట్టూ చూసి, గొంతు తగ్గించి అడిగాడు.

"ఈ తూరి ఏ దేశంక్కా?"

"మన దేశమే."

"మన దేశంలో నన్ను ఇడిసిపెట్టలేదు గదా. నాకు గుర్తుండాది."

"అదిగో, గుర్తుంది కదా. నిద్రలో ఉంటే వెనకటి నిద్రలు గుర్తుండవు. నీకు అన్నీ గుర్తున్నాయంటే మేలుకున్నట్టే."

వాడు ఆ మాటను కాసేపు లోపల తిప్పి చూసుకున్నాడు. "ఆ సంగతి చెప్పింది గూడా మీరే గదక్కా," అన్నాడు.

నాన్న ముందుకొచ్చి వాడి ఎదురుగా నేల మీద కూర్చున్నాడు. తువాలు తీసి ఒళ్ళో పెట్టుకుని, ఎవరూ అడగకుండానే మొదలుపెట్టాడు. ఉగ్గాని, కానిస్టేబుల్, బెంచీ, మెత్తగా లేని బన్ను, టీ గ్లాసు పెట్టడానికి జరిపిన గడ్డపార. అన్నీ చెప్పాడు. చివర, "నన్ను క్షమించు అల్లుడా," అన్నాడు.

ఓబులేసు ఆయన చెయ్యి పట్టుకున్నాడు. ముఖంలో కోపం లేదు.

"ఆడ గూడా ఇట్లే చెప్తివి మామా. ఒక్క మాట గూడా మారలే."

సాకమ్మ చెంగు నోట్లో కుక్కుకుని వంటింట్లోకి పోయింది. వెన్నెల మెల్లగా లోపలికొచ్చి కంచం పక్కన కూర్చుంది. పెచ్చుకట్టిన సంగటిని తీసేసి, వేడిది వేసింది. ముద్ద తుంచి, ఊరిబిండిలో అద్ది తండ్రి చేతిలో పెట్టింది.

"తిను నాయనా. ఉప్పు సరిపోయిందో లేదో సూసి చెప్పు."

వాడు ముద్ద పట్టుకుని ఆ పిల్లను ఎగాదిగా చూశాడు. చూసి నా వైపు తిరిగాడు.

"పాపను సరిగ్గా చెయ్యలేదక్కా ఈ తూరి. పెద్దది చేసేసినారు. అయినా బాగుండాది. నవ్వితే వాళ్ళమ్మ మాదిరే ఉండాది."

"తిను ఓబులేసూ," అన్నాను. "ఒక్క ముద్ద తింటే తెలిసిపోతుంది. రుచి ఉంటుంది. నా మాట నమ్ము."

వాడు ముద్దను నోటిదాకా తెచ్చాడు. ఆవిరి ముఖానికి తగులుతూ ఉంది. అక్కడే ఆగి, పిల్లను చూశాడు, వంటింటి గుమ్మాన్ని చూశాడు, పైన బండల్ని చూశాడు. చెయ్యి మళ్ళీ కిందికి దించాడు.

"తింటే అయిపోతాది గదక్కా," అన్నాడు. "ఇంగ కొంచేపు కూసుంటా."